ద్రాక్షారామం తెల్లవారుజామున దగ్గరుండి చూపించి, శాసనాలు చదివి చెప్పేవాళ్ళు ఎవరైనా ఉన్నారా? నాన్నగారి కోసం

పాలకొల్లు ఆడపడుచు అడిగింది:

అందరికీ నమస్కారమండి. మాది పాలకొల్లు. ఉద్యోగం హైదరాబాద్‌లో. సంక్రాంతికి వారం రోజులు ఊరొస్తున్నాను.

నాన్నగారికి 78. జిల్లా పరిషత్ హైస్కూళ్ళలో తెలుగు మాస్టారుగా చేసి రిటైరయ్యారు. శ్రీనాథుడంటే ప్రాణం. ద్రాక్షారామం స్వామి మీద ఆయన రాసిన భీమేశ్వర పురాణంలో పద్యాలు నాన్నగారు ఇప్పటికీ పుస్తకం లేకుండా చదువుతారు. నాలుగేళ్ళ కిందట రెటీనా దెబ్బతిని రెండు కళ్ళలోనూ మధ్య చూపు పోయింది. ఎదుటి మనిషి భుజాలు తెలుస్తాయి, మొహం తెలియదు. అక్షరం అసలే కనిపించదు. రోజూ పేపరు నేనే ఫోన్లో చదివి వినిపిస్తాను.

ఆయనకి ఒకటే కోరిక. ద్రాక్షారామం గుడిలో శాసనాలు ఎవరైనా చదువుతుంటే పక్కన నిలబడి వినాలని. "శ్రీనాథుడు రాసింది ముప్పై ఏళ్ళు పాఠం చెప్పానమ్మా. ఆ దేవుడికి దీపం పెట్టిన జనం రాతి మీద రాయించుకున్నది మాత్రం ఒక్క ముక్క చదవలేదు" అంటారు. చూపున్న రోజుల్లో ఉద్యోగం, మా చదువులు, అమ్మ అనారోగ్యం. వెళ్ళినప్పుడల్లా దండం పెట్టుకుని వచ్చేయడమే.

మూడేళ్ళ కిందట కార్తీక సోమవారం నాడు తీసుకెళ్ళాను. అదే నేను చేసిన తప్పు. గుడి బయట ఒకాయన కలిసి, అన్నీ దగ్గరుండి చూపిస్తానని 1,500 తీసుకున్నాడు. పావుగంటలో తోసుకుంటూ తిప్పేశాడు. నాన్నగారు స్తంభం దగ్గర ఆగి "దీని మీద ఏం రాసుంది బాబూ?" అంటే, "అవేవో పాత గీతలండి, పదండి" అన్నాడు. ఇంటికొచ్చేదాకా నాన్నగారు మాట్లాడలేదు. డబ్బుల సంగతి వదిలేశాను గాని ఆ మాట మాత్రం నాకు ఇప్పటికీ మనసులోంచి పోలేదు.

మా వదిన కిందటేడు రోమ్ వెళ్ళింది. వాటికన్ మ్యూజియంలో ఇంకా తెల్లారకముందే తాళాల గుత్తి పట్టుకున్న మనిషి వెంట కొద్దిమందిని తీసుకెళ్ళి, ఒక్కో తలుపూ తీస్తూ, సిస్టీన్ చాపెల్‌లో దీపాలు వేసి చూపిస్తారట. జనం ఉండరట. చెప్పేవాడు చెప్పింది చక్కగా వినిపిస్తుందట. అది విన్నప్పటి నుంచి అనుకుంటున్నాను, మన ద్రాక్షారామాన్ని కూడా నాన్నగారికి అలా ఒక్క పొద్దున చూపించగలనా అని.

ఎవరిని అడగాలి? ఏ రోజు మంచిది? నిజంగా శాసనం చదవగలిగినవాళ్ళు ఆ చుట్టుపక్కల ఉన్నారా?

కాకినాడ కుర్రాడు:

అక్కా, అలాంటి ప్రైవేటు టికెట్టు ద్రాక్షారామంలో ఉన్నట్టు నేనెప్పుడూ వినలేదు. గుడి దేవాదాయ శాఖ చూసుకుంటుంది, కట్టడం కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉంది. కాబట్టి తలుపులు మనకోసం ముందు తియ్యరు. అయినా ఆ అవసరం కూడా లేదు. మామూలు రోజున గుడి తెరిచే వేళకి వెళ్తే ఊళ్ళోవాళ్ళు నలుగురైదుగురు తప్ప ఉండరు. సోమవారం వద్దు, మాస శివరాత్రి వద్దు. కార్తీకంలో అయితే ఆర్టీసీ వాళ్ళ పంచారామ బస్సులు వరసగా దిగుతాయి, ఆ నెల మొత్తం మర్చిపోండి. వెళ్ళే ముందురోజు ఆలయం ఆఫీసుకి ఫోన్ చేసి, పెద్దాయనకి చూపు లేదు, గుడిలో నెమ్మదిగా తిరుగుతాం అని చెప్పండి. చెబితే వాళ్ళూ సాయపడతారు.

స్టూడియో రామచంద్రపురం:

అమ్మా, మీ పోస్టు రెండుసార్లు చదివానండి. నాకు రామచంద్రపురంలో ఫోటో స్టూడియో ఉంది. 1996 తుఫాను వచ్చిన మరుసటి ఏడాది, శాసనాల మీద పరిశోధన చేసే ఒక విద్యార్థి ఫోటోలు తియ్యమని నన్ను ద్రాక్షారామం తీసుకెళ్ళాడు. పురావస్తు శాఖ అనుమతి కాగితం ఉంది అతని దగ్గర. మేం వెళ్ళింది మిట్టమధ్యాహ్నం. నేను ఫ్లాష్ పెట్టి పది ఫోటోలు తీశాను. కడిగి చూస్తే ఒక్క అక్షరం లేదు. పెళ్ళికూతురి మొహానికి పౌడరు రాసినట్టు రాయంతా తెల్లగా ఉంది. ఆ అబ్బాయి మొహం చూడలేకపోయాను. ఇంకో రీలు నా ఖర్చుతో వేస్తానని చెప్పి మర్నాడు పొద్దున్నే వెళ్ళాం. ఎండ అప్పుడే ప్రాకారం దాటి ఏటవాలుగా దిగుతోంది. నిన్న ఏమీ లేని అదే స్తంభం మీద అక్షరాలన్నీ పాలు పొంగినట్టు పైకి వచ్చాయి. ఆ రోజు నుంచి నాకు ఈ పిచ్చి. ఆ అబ్బాయి దగ్గరే చదవడం నేర్చుకున్నాను. మిగతాది పుస్తకాలు చూసి, రాయి చూసి నేర్చుకున్నదే.

అందుకే చెబుతున్నానండి, పొద్దున్నే వెళ్ళమనేది జనం ఉండరని మాత్రమే కాదు. తొమ్మిది వందల ఏళ్ళ అక్షరం అరిగి అరిగి గోరంత లోతు కూడా ఉండదు. వెలుగు ఎదురుగా పడితే ఆ లోతు తెలియదు. పక్కనుంచి పడితే ప్రతి గీతకీ ఓ నీడ వస్తుంది, ఆ నీడనే మనం చదువుతాం. పుష్యమాసంలో సూర్యుడు తూర్పుకి కాస్త దక్షిణంగా లేస్తాడు కాబట్టి దక్షిణం వైపు ముఖం ఉన్న రాళ్ళ మీద వెలుగు జారుతూ పడుతుంది. అదే జ్యేష్ఠంలో వస్తే ఉత్తరం వైపు రాళ్ళు చదువుకోవచ్చు. మీరొచ్చేది సంక్రాంతికి గనుక దక్షిణం వైపు మొదలుపెడదాం. మంటపాల లోపల ఎండ రాని చోట టార్చి రాతికి ఆనించినట్టు పట్టుకుని పక్కనుంచి వెయ్యాలి. మన అక్షరాలు గుండ్రం కదా, ఒక పక్క వెలుగులో సగమే కనిపిస్తుంది. నాలుగు పక్కలా తిప్పాలి. నేను గడ్డం గీసుకునే అద్దం కూడా తెచ్చుకుంటాను. బయట ఎండని పట్టి లోపలికి మళ్ళిస్తే టార్చి కంటే బాగా పనిచేస్తుంది.

ఇక మాస్టారికి ముందే చెప్పి ఉంచాల్సినవి కొన్ని. గుడి కట్టించింది తూర్పు చాళుక్య భీముడని (రాజ్యానికి వచ్చింది 892లో) చెబుతారు. కానీ మీరు ఎదురుగా చూసే శాసనాల్లో ఎక్కువభాగం ఆ తర్వాతి కాలానివి. రాజరాజ నరేంద్రుడి కొడుకు 1070లో చోళ సింహాసనం ఎక్కి కులోత్తుంగ చోళుడయ్యాడు కదండీ, ఆయన రోజుల నుంచి ఇక్కడ శాసనాలు వరసకట్టాయి. తెలుగు, సంస్కృతం ఎక్కువ. తమిళం కూడా ఉంది. రాజులవే కావు. మంత్రులు, సేనానులు, వర్తకులు, వాళ్ళ ఇళ్ళ ఆడవాళ్ళు, అందరూ ఉన్నారు. చాలావాటిలో దానం ఒకటే, అఖండదీపం. గొర్రెల్ని ఇచ్చి, వాటిని ఒక బోయకి అప్పజెప్పి, ఆ పాడి మీద రోజూ ఇంత నెయ్యి దీపానికి పొయ్యాలని రాయించేవారు. దాత పేరు పక్కనే ఆ గొర్రెలు కాసినవాడి పేరు కూడా రాతి మీద ఉంటుంది. నాకు అన్నిటికంటే ఇష్టమైన సంగతి ఇదేనండి.

ఇంకోటి. శాసనంలో ఊరి పేరు "దాక్షారామ" అని ఉంటుంది. దక్షుడి ఆరామం. ద్రాక్షపళ్ళతో దీనికి సంబంధం లేదు. మాస్టారికి తెలిసే ఉంటుంది గాని రాతి మీద ఆ రేఫ (ర ఒత్తు) లేకుండా వింటే సంతోషిస్తారు. శకవర్షానికి 78 కలిపితే మన లెక్క వస్తుంది. సంస్కృత శ్లోకాల్లో సంవత్సరం అంకెల్లో ఉండదు, మాటల్లో ఉంటుంది. శశి అంటే 1, నేత్ర అంటే 2, వేద అంటే 4, అంబరం అంటే సున్న. కుడి నుంచి ఎడమకి పేర్చాలి. అది మాస్టారే విప్పాలి, నాకు తడబాటు.

ఒక ముఖ్యమైన సలహా. గైడు అనేవాడు ఎవరు దొరికినా, ఒక రాయి చూపించి మొదటి వరస చదవమనండి. చదవలేకపోతే స్థలపురాణం చెప్పించుకుని దండం పెట్టి పంపెయ్యండి. అదీ విలువైనదే, కాదనను. కానీ మీరు వచ్చిన పని అది కాదు. ఈ శాసనాల పాఠాలు దక్షిణ భారత శాసనాల నాలుగో సంపుటంలో 1923లోనే అచ్చయ్యాయి. నా దగ్గర జిరాక్సు ఉంది. ముందురోజు రాత్రి మాస్టారికి కాగితం మీది పాఠం చదివి వినిపించి, పొద్దున ఆ రాయి దగ్గర నిలబెడితే ప్రతి మాటా పట్టుకుంటారు. చూపున్నవాళ్ళకి కూడా అదే పద్ధతి. ముందు పాఠం తెలియకపోతే అరిగిన రాయి మాట్లాడదు.

నేను వస్తానండి. డబ్బుల మాట ఎత్తకండి. శాసనం చదవడం నాకు వచ్చు గాని, శ్రీనాథుడి పద్యం రాగం తీసి చదివే మాస్టార్లు మా వైపు ఇప్పుడు లేరు. వ్యాసుడు కాశీ విడిచి దాక్షారామానికి బయల్దేరిన ఘట్టంలో రెండు పద్యాలు నాకు వినిపిస్తే చాలు.

గోపురం నీడ:

స్టూడియో గారు చెప్పినవన్నీ బాగున్నాయి. ఒక్క మాట మాత్రం గట్టిగా చెప్పాలి. పెద్దాయన చూపు లేనివారు కాబట్టి వేళ్ళతో తడిమి చూడాలనిపిస్తుంది. దయచేసి వద్దు. చేతి చమట, నూనె రాతికి పడుతుంది. అక్షరాలు తేలాలని సుద్ద రాసేవాళ్ళని, విభూతి పులిమేవాళ్ళని నా కళ్ళతో చూశాను. స్తంభాలకి దీపం నూనె, పసుపు, సున్నం పట్టి ఎన్ని వరసలు మూసుకుపోయాయో! ఇంకో వెయ్యేళ్ళు నిలవాల్సిన రాయి అది. మీరు చదివే ఒక్కో అక్షరాన్నీ ఆయన అరచేతిలో వేలితో రాసి చూపించండి. చిన్నప్పుడు మనకి అక్షరాభ్యాసం చేయించినట్టే.

స్టూడియో రామచంద్రపురం:

మీరన్నది నిజమండి. అరచేతిలో రాయడం నాకు తట్టలేదు. అలాగే చేద్దాం.

రావులపాలెం అరటితోట:

దారి గురించి. కనుమ నాడు జగ్గన్నతోట ప్రభల తీర్థం, అంబాజీపేట, అమలాపురం వైపు బండి కదలదు. పండగ రోజుల్లో అటు రాకుండా సిద్ధాంతం వంతెన, రావులపాలెం, జొన్నాడ మీదుగా రామచంద్రపురం చేరండి. రాత్రికి అక్కడే ఉండిపోతే పొద్దున హడావుడి ఉండదు. కోటిపల్లి రేవులో పంటు ఎక్కాలని సరదా ఉంటే తిరుగు ప్రయాణంలో ఎక్కండి. తెల్లవారుజామున దాన్ని నమ్ముకోకండి.

వచ్చేటప్పుడు ర్యాలి ఆగండి. జగన్మోహినీ కేశవస్వామి. ఒకే నల్లరాతిలో ముందు కేశవుడు, వెనక మోహిని. అక్కడ అర్చకులే దీపం పట్టుకుని గోళ్ళ దగ్గర నుంచి జడ దాకా ఒక్కొక్కటీ చూపించి చెబుతారు. చూడలేనివారికి కూడా ఆ చెప్పడం వింటే విగ్రహం కళ్ళకి కడుతుంది.

పాలకొల్లు ఆడపడుచు:

వెళ్ళొచ్చామండి. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియడం లేదు.

ముక్కనుమ నాటి రాత్రి రామచంద్రపురంలో లాడ్జిలో దిగాం. స్టూడియో అన్నయ్య జిరాక్సు కాగితాలతో వచ్చి, గది మంచం మీద కూర్చుని ఐదు శాసనాల పాఠాలు చదివి వినిపించారు. నాన్నగారు కళ్ళు మూసుకుని విన్నారు. "అఖండవర్త్తి" (ఆరని ఒత్తి) అనే మాట దగ్గర ఆపి, "వర్త్తి అని తకి తవత్తు ఉందా? మళ్ళీ చదువు" అన్నారు. ధర్మ్మ, వర్త్తి, ఇలా రేఫ తర్వాతి హల్లుని రెండుసార్లు రాయడం అప్పటి అలవాటట. రాత్రి పదకొండింటిదాకా ఇద్దరికీ నిద్ర లేదు.

పొద్దున గుడికి చేరేసరికి చీకటే. మంచు పొగలా కమ్మేసింది. పూజారి గారు, పూలు తెచ్చిన ఒకావిడ, మేం ముగ్గురం, అంతే. ముందు స్వామి దర్శనం. లింగం రెండంతస్తుల ఎత్తు కదా, కింద పాదభాగం చూసి మెట్లెక్కి పైన దర్శనం చేసుకోవాలి. మెట్లు నాన్నగారు ఒక్కోటీ కాలితో వెతుక్కుని ఎక్కారు. కింద గర్భగుడి చుట్టూ తిరిగే చీకటి దారిలో ఉండగా కరెంటు పోయింది. ఒకప్పుడు అక్కడ నవరత్నాల వెలుగులో ప్రదక్షిణ చేసేవారని చెప్పుకుంటారు. నాకు మాత్రం ఏమీ కనిపించక ఆగిపోయాను, ఫోన్ బయట సంచిలో ఉంది. నాన్నగారు నా చెయ్యి పట్టుకుని, "నా వెనకే రా" అని మామూలుగా నడుచుకుంటూ తీసుకెళ్ళిపోయారు. ఇంట్లో చీకట్లో ఆయన ఎలా నడుస్తారో నాలుగేళ్ళుగా చూస్తున్నాను, అది నాకు దారి చూపిస్తుందని అనుకోలేదు.

మాణిక్యాంబ అమ్మవారి దర్శనం అయ్యాక బయటికొస్తే ఇంకా మంచు. ఎండ లేదు. ఏడు అయింది, ఏడుంబావు అయింది. అన్నయ్య కంగారుపడ్డారు, సరే అని టార్చితో ఒక స్తంభం మొదలుపెట్టారు. అర్థమవుతోంది గాని వరస మధ్యలో తెగిపోతోంది. ఎనిమిదికి దగ్గరపడుతుండగా మంచు విడిచి, కొబ్బరిచెట్ల మీంచి ఎండ ఒక్కసారిగా లోపలికి దిగింది. ఆయన చెప్పిన మాట నిజమండి. నున్నగా కనిపించిన రాతి మీద వరసలు వరసలుగా అక్షరాలు లేచాయి. నాకు ఒళ్ళు జలదరించింది.

నాన్నగారిని స్తంభానికి మూరెడు దూరంలో స్టూలు మీద కూర్చోబెట్టాం. అన్నయ్య ఒక్కో అక్షరం చదివి, నాన్నగారి కుడి అరచేతిలో రాతి మీద ఉన్న ఆకారంలోనే రాశారు. మొదటి అక్షరం "శ్రీ". నాన్నగారు వెంటనే పట్టేశారు. "క" రాస్తే కాసేపు ఆలోచించి, "ఇది కన్నడం వాళ్ళ క లాగుందే" అన్నారు. అప్పటికి రెండు లిపులూ ఇంకా విడిపోలేదని అన్నయ్య చెప్పారు. "బండి ఱ ఎక్కడైనా ఉందా నాయనా?" అని అడిగారు. మూడో వరసలో ఉంది. అది అరచేతిలో రాయగానే గుప్పిట మూసేసుకున్నారు. పాఠ్యపుస్తకాల్లోంచి బండి ఱ తీసేసినప్పుడు ఆయన ఎంత బాధపడ్డారో నాకు చిన్నప్పటి నుంచి తెలుసు.

తర్వాత వరస "ఉత్తరాయణ సంక్రాంతి నిమిత్తమున". మేం వెళ్ళింది సంక్రాంతి వెళ్ళిన మూడో రోజున! ఆ తర్వాత "దాక్షారామ శ్రీభీమేశ్వర మహాదేవరకు". శకవర్షం సంఖ్య దగ్గర రాయి పెచ్చు లేచిపోయింది, సంవత్సరం తెలియలేదు. దీపం పెట్టించింది ఎవరో ఒకరి భార్య. భర్త పేరు సగం మిగిలింది, ఆవిడ పేరు పూర్తిగా ఉంది. నాన్నగారు ఆవిడ పేరు నాలుగుసార్లు పలికారు.

ఒక గంటలో చదవగలిగింది రెండు శాసనాలే. ఎండ పైకెక్కాక మళ్ళీ రాయి నున్నగా అయిపోయింది. అప్పుడు నాన్నగారు ఆ స్టూలు మీదే కూర్చుని, అన్నయ్య అడిగిన ఘట్టంలో రెండు కాదు, పదకొండు పద్యాలు చదివారు. రాజమహేంద్రవరం రెడ్డిరాజుల మంత్రి బెండపూడి అన్నయామాత్యుడికి అంకితమిచ్చిన కావ్యం ఇదని, ఆ ఆస్థానం ఎలాంటిదో కూడా క్లాసులో చెప్పినట్టే చెప్పారు. పూలావిడ, తుడిచే అమ్మాయి, ఇద్దరు పూజారులు వచ్చి నిలబడి విన్నారు. అన్నయ్య ఫోన్లో రికార్డు చేసుకున్నారు.

గోపురం నీడ గారూ, మేం రాయిని తాకలేదండి. మీరు చెప్పకపోతే కచ్చితంగా తాకేవాళ్ళం. రావులపాలెం వారూ, ర్యాలి ఆగాం. అర్చకులు స్వామి పాదాల దగ్గర ఊరే నీటిని నాన్నగారి తల మీద చల్లి, వెనక మోహిని జడ ముడి గురించి ఎంత వివరంగా చెప్పారో! దాని గురించి విడిగా రాస్తాను.

ఇప్పుడు ఇంకో ప్రశ్న. నాన్నగారు నిన్నటి నుంచి సామర్లకోట అంటున్నారు. కుమారారామంలో శాసనాలు ఏ వైపు గోడల మీద ఎక్కువ, వైశాఖంలో వస్తే పొద్దున వెలుగు వాటి మీద పడుతుందా? స్టూడియో అన్నయ్య తనకి అక్కడ అంత పరిచయం లేదంటున్నారు. ఎవరైనా పొద్దున్నే వెళ్ళి చూసినవాళ్ళు ఉంటే చెప్పగలరా?